చెబితే ఫోను పోతుంది

ఆంధ్రప్రదేశ్‌లో 15 నుంచి 49 ఏళ్ల ఆడవాళ్లలో ఒక్కసారైనా ఇంటర్నెట్ వాడామని చెప్పినవాళ్లు 21 శాతం. మగవాళ్లలో 48.8 శాతం. తెలంగాణలో ఆడవాళ్లు 26.5, మగవాళ్లు 57.4. దేశం మొత్తం మీద ఆ లెక్క 33.3, 57.1. అంటే రెండు తెలుగు రాష్ట్రాల ఆడవాళ్లూ దేశ సగటుకన్నా వెనకే ఉన్నారు. పల్లెలను విడిగా తీస్తే ఇంకా తక్కువ: ఆంధ్రలో 15.4 శాతం, తెలంగాణలో 15.8 శాతం. ఇవి ఐదో జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే అంకెలు. మన దగ్గర ఆ వివరాలు సేకరించింది 2019లో, లాక్‌డౌన్‌కు ముందు. ఆ తర్వాత ఆన్‌లైన్ క్లాసుల కోసం చాలా ఇళ్లలోకి స్మార్ట్‌ఫోన్ వచ్చింది. అయితే ఇంట్లోకి వచ్చిన ఫోను ఎవరి చేతికి వచ్చిందన్నది వేరే ప్రశ్న.

దానికి జవాబు ప్రథమ్ సంస్థ ‘అసర్ 2023’ నివేదికలో దొరుకుతుంది. 26 రాష్ట్రాల్లోని 28 జిల్లాల పల్లెల్లో 14 నుంచి 18 ఏళ్ల పిల్లలను కలిసి చేసిన సర్వే ఇది. మన వైపు నుంచి శ్రీకాకుళం, ఖమ్మం జిల్లాలు అందులో ఉన్నాయి. దాదాపు 90 శాతం ఇళ్లలో స్మార్ట్‌ఫోన్ ఉంది. పదిమందిలో తొమ్మిదిమందికి పైగా పిల్లలకు దాన్ని వాడటం వచ్చు. వాడటం వచ్చిన అబ్బాయిల్లో సొంత ఫోను ఉన్నవాళ్లు 43.7 శాతం, అమ్మాయిల్లో 19.8 శాతం. ఫోను వాడే అయిదుగురు అమ్మాయిల్లో నలుగురు నాన్నదో, అన్నయ్యదో, అమ్మదో అడిగి తీసుకుని వాడుతున్నారు.

ఆడపిల్లల ఆన్‌లైన్ భద్రత మీద మనం చెప్పే సలహాలన్నీ ఈ నలుగురిని మరచి చెప్పేవే. పాస్‌వర్డ్ మార్చుకోమంటాం. ఆమె ఖాతాకు ఓటీపీ వచ్చేది అన్నయ్య నంబరుకు. ఫోనుకు లాక్ పెట్టుకోమంటాం. ఆ ప్యాటర్న్ ఇంట్లో అందరికీ తెలుసు, తెలియకపోతే ‘ఏం దాస్తున్నావు’ అన్న ప్రశ్న వస్తుంది. వేధించేవాడి మెసేజ్‌లు చెరిపేయకుండా ఉంచమంటాం. సాయంత్రం నాన్న పని నుంచి వచ్చి అదే వాట్సాప్ తెరుస్తాడు. గ్యాలరీ అందరిదీ, యూట్యూబ్‌లో ఏం చూసిందో అందరికీ కనిపిస్తుంది, సిమ్ కార్డు ఆమె పేరు మీద లేదు. బయటివాడి నుంచి ఆమెకు గోప్యత కావాలంటున్నాం, ఇంట్లో మాత్రం అది ఆమెకు అక్కర్లేని వస్తువు అన్నట్టు చూస్తున్నాం. ఈ రెండూ ఒకే చోట నిలవవు.

ఇక ఆ ఆన్‌లైన్ ప్రపంచంలో అమ్మాయిలకు ఎదురయ్యేది ఏమిటి? 2020లో ప్లాన్ ఇంటర్నేషనల్ సంస్థ 22 దేశాల్లో 15 నుంచి 25 ఏళ్ల వయసున్న 14,000 మంది అమ్మాయిలను అడిగింది. 58 శాతం మంది సోషల్ మీడియాలో వేధింపులు ఎదుర్కొన్నామన్నారు. ఎక్కువమందికి మొదటి అనుభవం 14 నుంచి 16 ఏళ్ల మధ్యలో, అంటే మన లెక్కలో తొమ్మిదో తరగతికీ ఇంటర్ మొదటి ఏడాదికీ మధ్య. వీధిలోకన్నా ఆన్‌లైన్‌లోనే వేధింపు ఎక్కువని సగంమంది చెప్పారు. వేధింపులకు గురైనవాళ్లలో 47 శాతం మందికి కొడతామనో, లైంగిక దాడి చేస్తామనో బెదిరింపులు వచ్చాయి. ఫేస్‌బుక్‌లో ఎదురైందన్నవాళ్లు 39 శాతం, ఇన్‌స్టాగ్రామ్‌లో 23, వాట్సాప్‌లో 14. వేధించినవాళ్లలో ముక్కూముఖం తెలియనివాళ్లు ఎక్కువే. కానీ స్నేహితుల పేర్లు, బడిలోనో పని దగ్గరో తెలిసినవాళ్ల పేర్లు చెప్పిన అమ్మాయిలు కూడా తక్కువేమీ లేరు.

ఆ నివేదికలో నన్ను ఎక్కువగా ఆపేసిన అంకె 19. వేధింపుల తర్వాత ఆ వేదికను పూర్తిగా వదిలేసినవాళ్లు, బాగా తగ్గించుకున్నవాళ్లు 19 శాతం. మరో 12 శాతం తమ మాట తీరు, తాము కనిపించే తీరు మార్చుకున్నారు. వేధించినవాడు అక్కడే ఉన్నాడు, వేధింపులు పడిన అమ్మాయి వెళ్లిపోయింది. ఉద్యోగ ప్రకటన, స్కాలర్‌షిప్ కబురు, పరీక్ష తేదీ, స్నేహితురాలి పలకరింపు అన్నీ ఆ ఫోనులోనే వచ్చే రోజుల్లో అమ్మాయి వెళ్లిపోవడం చిన్న నష్టం కాదు.

కంపెనీల లోపలి లెక్కలు కూడా కొన్ని బయటికి వచ్చాయి. ఫేస్‌బుక్, ఇన్‌స్టాగ్రామ్‌లను నడిపే మెటాలో ఇంజినీరింగ్ బాధ్యతలు చూసిన ఆర్టురో బెజార్ 2023 నవంబరులో అమెరికా సెనేట్ ఉపసంఘం ముందు సాక్ష్యం చెప్పారు. కంపెనీ తన వినియోగదారులనే అడిగి చేసిన సర్వేలో, 13 నుంచి 15 ఏళ్ల పిల్లల్లో ఎనిమిదిమందికి ఒకరు ఇన్‌స్టాగ్రామ్‌లో అవాంఛిత లైంగిక ప్రస్తావనలు ఎదుర్కొన్నామన్నారు. అదీ ఏడాది కాలంలో కాదు, అంతకు ముందు ఏడు రోజుల్లో. ఆ తర్వాత 2024 సెప్టెంబరులో మెటా టీన్ అకౌంట్లు తెచ్చింది, 2025 ఫిబ్రవరిలో భారత్‌లో మొదలుపెట్టింది. 18 ఏళ్లలోపు వాళ్ల ఖాతా మొదటి నుంచే ప్రైవేటుగా ఉంటుంది, తెలియనివాళ్లు మెసేజ్ పెట్టలేరు. మంచి మార్పే. కాకపోతే ఖాతా తెరిచేటప్పుడు పుట్టిన సంవత్సరం మార్చి కొట్టిన పిల్లకూ, అన్నయ్య ఖాతాలోంచి రీల్స్ చూసే పిల్లకూ ఆ రక్షణ చేరదు.

తమను తాము కాపాడుకోవడం పిల్లలకు తెలియకేనా ఇదంతా అంటే, తెలిసినవాళ్లు సగానికి కాస్త పైన ఉన్నారు. ‘అసర్ 2024’ ప్రకారం పల్లెల్లో 14 నుంచి 16 ఏళ్ల పిల్లల్లో సర్వేకు ముందు వారంలో సోషల్ మీడియా వాడిన అబ్బాయిలు 78.8 శాతం, అమ్మాయిలు 73.4 శాతం. అలా వాడేవాళ్లలో ఒకరిని బ్లాక్ చేయడమో రిపోర్ట్ చేయడమో తెలిసినవాళ్లు 62 శాతం, పాస్‌వర్డ్ మార్చడం తెలిసినవాళ్లు 57.7, ప్రొఫైల్‌ను ప్రైవేటు చేయడం తెలిసినవాళ్లు 55.2. అంటే సోషల్ మీడియా వాడే పిల్లల్లో నూటికి 45 మందికి తమ ఫొటో ఎవరెవరు చూడాలో అదుపు చేయడం తెలియదు. బడిలో ఒక్క పీరియడ్ కేటాయిస్తే నేర్పగల విషయం ఇది. బడి నేర్పలేనిది దీని తర్వాత వస్తుంది.

అది ఫిర్యాదు. జాతీయ నేర గణాంక సంస్థ లెక్కలో 2022లో దేశమంతా నమోదైన సైబర్ నేరాలు 65,893. అందులో 64.8 శాతం డబ్బు మోసాలు. లైంగిక దోపిడీ కింద నమోదైనవి 3,434, మొత్తంలో 5.2 శాతం. పిల్లల మీద జరిగిన సైబర్ నేరాలు 1,823. అంతకు ముందు ఏడాది 1,376. 2011 జనగణన ప్రకారం మన దేశంలో 10 నుంచి 19 ఏళ్ల పిల్లలు 25 కోట్లకు పైనే. వాళ్లలో ఇంటర్నెట్ తెలియనివాళ్లందరినీ తీసేసినా, అంతర్జాతీయ సర్వేల అంకెలు మనకు అచ్చంగా వర్తించవని పక్కన పెట్టినా, 1,823 అన్నది జరిగినదాని లెక్క కాదని ఎవరికైనా తెలుస్తుంది. పోలీసు స్టేషన్ దాకా వచ్చినదాని లెక్క అది.

తెలంగాణ విషయంలో ఒక మాట. అక్కడ నమోదైన సైబర్ కేసులు 2020లో 5,024, 2021లో 10,303, 2022లో 15,297. 2022లో దేశంలో నమోదైన సైబర్ కేసుల్లో నాలుగో వంతుకు దగ్గరగా ఈ ఒక్క రాష్ట్రంలోనే. ఈ అంకె రాగానే ‘సైబర్ నేరాల్లో తెలంగాణ టాప్’ అని శీర్షికలు పెట్టాం. అలా చదవడం సరికాదు. వాటిలో అత్యధికం డబ్బు మోసాలే. పైగా ఫిర్యాదు తీసుకుని కేసు కట్టే చోట సంఖ్య పెరుగుతుంది, వెనక్కి పంపేచోట తగ్గుతుంది. ఆడపిల్లల విషయంలో నాకు భయం కలిగించేది పెద్ద సంఖ్య కాదు, చిన్న సంఖ్యే.

డబ్బు పోతే చెప్పగలిగినంత సులువుగా ఫొటో పోతే ఎందుకు చెప్పలేరు? బ్యాంకు ఖాతా ఖాళీ అయిన కొడుకును ఇంట్లో తిడతారు, ఆ తర్వాత వెంట వెళ్లి ఫిర్యాదు రాయిస్తారు. ఎవడో ఫేక్ ఐడీ పెట్టి తన ముఖం అతికించాడని కూతురు చెబితే ముందు ప్రశ్నలు ఆమెకే: అసలు ఫొటో ఎందుకు పెట్టావు? వాడికి నీ నంబరు ఎలా తెలిసింది? నలుగురికీ తెలిస్తే? ఆ వెంటనే ‘రేపట్నుంచి ఫోను ముట్టుకోవద్దు’. ఇంకొన్ని ఇళ్లలో ఆ పైన కాలేజీ మాన్పించడం, సంబంధాలు చూడటం. ఇది అమ్మాయిలందరికీ ముందే తెలుసు. పక్కింటి అక్క విషయంలో చూశారు, పిన్ని కూతురి విషయంలో విన్నారు. అందుకే నోరు విప్పరు.

బెదిరించేవాడి బలం అంతా ఇక్కడే ఉంది. ‘మీ నాన్నకు పంపిస్తా’ అన్న మాటతో వాడు డబ్బు లాగుతాడు, ఇంకో ఫొటో అడుగుతాడు, రమ్మన్నచోటికి రమ్మంటాడు. ఆ ఫొటో నాన్నకు చేరితే నాన్న తన పక్షాన నిలబడతాడని ఆ పిల్లకు నమ్మకం ఉంటే, ఆ బెదిరింపు ఆ క్షణంలోనే చచ్చిపోతుంది. బెదిరించేవాడు ఆమె ఫోనులోకి చొరబడాల్సిన పని లేదు. ఆమె ఇంటి స్వభావం వాడికి తెలిస్తే చాలు.

గోప్యతకు హామీ ఇస్తే ఎంతమంది ముందుకు వస్తారో చూపిన ఉదాహరణ మన పక్కన కాదు, ఉత్తరప్రదేశ్‌లో ఉంది. 2012 నవంబరులో అక్కడి పోలీసులు లక్నో కేంద్రంగా 1090 అనే మహిళా హెల్ప్‌లైన్ పెట్టారు. ఫిర్యాదు విని రాసుకునేది మహిళలే. ఫిర్యాదు చేసిన అమ్మాయి పేరు బయటికి రాదు, ఆమెను స్టేషన్‌కు పిలవరు, ముందు ఆ ఆకతాయికే ఫోను వెళుతుంది. 2016 చివరికి, అంటే నాలుగేళ్ల పైచిలుకులో, ఆరు లక్షలకు పైగా ఫిర్యాదులు వచ్చాయి. పదిలో తొమ్మిదికి దగ్గరగా ఫోను వేధింపులే. ఆ రాష్ట్రంలోనే 2017లో ఇంకో సంగతి బయటపడింది: రీచార్జి దుకాణాల్లో అమ్మాయిలు చెప్పిన నంబర్లను 50 రూపాయల నుంచి 500 రూపాయల దాకా అమ్ముతున్నారని. నంబరు ఇచ్చినందుకు ఆ అమ్మాయిలు చేసిన తప్పేమిటి? రీచార్జి చేయించుకున్నారు, అంతే. లక్షల్లో వచ్చిన ఆ ఫిర్యాదులను, దేశమంతా కలిపి వేలల్లో ఉన్న కేసులను పక్కపక్కన పెట్టి చూడండి. అమ్మాయిలు చెప్పడానికి సిద్ధంగానే ఉన్నారు, చెప్పాక ఏమవుతుందన్నదే వాళ్లను ఆపుతోంది. హైదరాబాద్‌లో 2014 అక్టోబరులో మొదలైన షీ టీమ్స్ కూడా పేరు గోప్యంగా ఉంచుతామన్న హామీతోనే, వాట్సాప్‌లో ఫిర్యాదు తీసుకునే పద్ధతితోనే జనంలోకి వెళ్లాయి.

జాగ్రత్తగా ఉంటే ఏమీ కాదన్న మాట ఇప్పుడు అసలు నిలవదు. 2023 నవంబరులో నటి రష్మిక మందన్న ముఖంతో ఒక డీప్‌ఫేక్ వీడియో దేశమంతా తిరిగింది. బ్రిటన్‌లో ఉండే మరో యువతి వీడియోకు రష్మిక ముఖం అతికించారు. ఢిల్లీ పోలీసులు 2024 జనవరిలో అరెస్టు చేసింది మన గుంటూరు జిల్లాకు చెందిన 24 ఏళ్ల ఇంజినీరును. పోలీసులు చెప్పిన కారణం ఫ్యాన్ పేజీకి ఫాలోవర్లను పెంచుకోవడం. రెండు వారాల్లో 90,000 నుంచి 1,08,000కు పెరిగారట. రష్మిక ఏ ఫొటో పంపలేదు, ఎవరితోనూ చాట్ చేయలేదు. ముఖం ఉండటమే చాలింది. ఆమెకు దేశం అండగా నిలిచింది. డిగ్రీ చదివే అమ్మాయి డీపీతో అదే పని చేస్తే ఆమె పక్కన నిలిచేది ఎవరు?

ఆ ముఖాలను బజారులో పెట్టేది చాలాసార్లు మనమే. ర్యాంకుల సీజన్‌లో పత్రికల మొదటి పేజీలు, కూడలిలో ఫ్లెక్సీలు చూడండి. అమ్మాయి ఫొటో, పూర్తి పేరు, హాల్‌టికెట్ నంబరు, కాలేజీ బ్రాంచి. పుట్టినరోజు నాడు ఫేస్‌బుక్‌లో తేదీతో సహా శుభాకాంక్షలు. బడి వాట్సాప్ గ్రూపులో తల్లిదండ్రులందరి నంబర్లు. 2024 జులైలో ఒక తండ్రీ కూతుళ్ల వీడియో మీద కొందరు తెలుగు యూట్యూబర్లు లైవ్‌లో కూర్చుని అసభ్యంగా మాట్లాడారు. నటుడు సాయి ధరమ్ తేజ్ దాన్ని బయటపెట్టి రెండు రాష్ట్రాల ప్రభుత్వాలకూ విన్నవించారు. తెలంగాణ సైబర్ సెక్యూరిటీ బ్యూరో ప్రధాన నిందితుణ్ణి బెంగళూరులో అరెస్టు చేసింది. నేరం మాట్లాడినవాళ్లదే, తండ్రిది కాదు. కానీ పసిపిల్ల వీడియో ఎవరి తెర మీద ఏ నవ్వుకు వస్తువవుతుందో పెట్టినవాళ్ల చేతిలో ఉండదని ఆ సంఘటన చూపించింది.

చట్టం సంగతికి వస్తే, 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం పుట్టస్వామి కేసులో గోప్యత ప్రాథమిక హక్కని ఏకగ్రీవంగా చెప్పింది. 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం 18 ఏళ్లలోపు వాళ్ల కదలికలను వెంటాడి గమనించడాన్ని, వాళ్లకు గురిపెట్టిన ప్రకటనలను నిషేధించింది. పిల్లల విషయంలో బాధ్యత తప్పిన కంపెనీకి 200 కోట్ల రూపాయల దాకా జరిమానా. నియమాలు 2025 నవంబరులో వచ్చాయి. ముఖ్యమైన బాధ్యతలకు 18 నెలల గడువు ఇచ్చారు. ప్రకటనల నిషేధాన్ని నేను మనసారా స్వాగతిస్తాను. అదే చట్టం 18 ఏళ్లలోపు పిల్లల డేటా వాడాలంటే తల్లి లేదా తండ్రి అనుమతి రుజువు చేయాలంటుంది. పదిహేడేళ్ల అబ్బాయికి ఆ అనుమతి ఒక క్లిక్. ఫోనే అడిగి తీసుకునే పదిహేడేళ్ల అమ్మాయికి అది ఇంకో తలుపు. 2025 డిసెంబరు 10 నుంచి ఆస్ట్రేలియా 16 ఏళ్లలోపు పిల్లలకు సోషల్ మీడియా ఖాతాలనే ఆపేసింది, ఆంధ్రప్రదేశ్‌లోనూ అలాంటి ఆలోచన మీద చర్చ జరిగింది. వయసు ఆంక్ష పెట్టేవాళ్లు సొంత ఫోను 43.7, 19.8గా చీలి ఉన్న సమాజంలో దాని బరువు ఎవరి మీద ఎక్కువ పడుతుందో ముందు లెక్క చూడాలి.

శిక్షలకు సంబంధించి తల్లిదండ్రులకూ అమ్మాయిలకూ ఎక్కువగా తెలియని విషయం ఒకటుంది. ‘ఫొటో తనే ఇచ్చింది కదా’ అన్నది నేరం చేసినవాడికి రక్ష కాదు. భారతీయ న్యాయ సంహిత 77వ సెక్షన్ వివరణలోనే ఉంది: తీయడానికి ఒప్పుకున్నా, ఇతరులకు పంపడానికి ఒప్పుకోకపోతే పంపినవాడిది నేరమే. మొదటిసారి ఏడాదికి తగ్గకుండా మూడేళ్ల దాకా జైలు. వద్దన్నా వెంటపడటం, ఆమె ఇంటర్నెట్ వాడకం మీద నిఘా పెట్టడం 78వ సెక్షన్ కిందికి వస్తాయి. లైంగిక దృశ్యాలను ఆన్‌లైన్‌లో పెడితే ఐటీ చట్టం 67ఏ కింద మొదటిసారి అయిదేళ్ల దాకా జైలు, 10 లక్షల దాకా జరిమానా. పిల్లల దృశ్యాలైతే 67బీ, దానితో పాటు పిల్లలపై లైంగిక నేరాలను అరికట్టే పోక్సో చట్టం. పిల్లల అలాంటి దృశ్యాలను ఫోనులో ఉంచుకోవడం, చూడటం కూడా నేరమేనని సుప్రీంకోర్టు 2024 సెప్టెంబరు 23న స్పష్టం చేసింది. క్లాసు గ్రూపులో వచ్చింది, నేను పంపలేదు అనుకునే అబ్బాయిలకు ఈ తీర్పు ఇంట్లోనే చెప్పాలి.

ఆన్‌లైన్‌లో పెట్టిన ఫొటోను తొలగింపజేయడానికి దారులు ఉన్నాయి. 2021 ఐటీ నియమాలు, నగ్నంగానో మార్ఫ్ చేసో పెట్టిన ఫొటో మీద బాధితురాలు, లేదా ఆమె తరఫున మరొకరు ఫిర్యాదు చేస్తే 24 గంటల్లో తొలగించాలన్నాయి. తర్వాత ఆ గడువును ఇంకా కుదించారు. 18 దాటినవాళ్లకు స్టాప్ ఎన్‌సీఐఐ, అంతకన్నా చిన్నవాళ్లకు టేక్ ఇట్ డౌన్ అనే ఉచిత సేవలున్నాయి. వీటిలో ఫొటోను ఎవరికీ పంపక్కర్లేదు. ఫోనులోనే ఆ ఫొటో నుంచి హ్యాష్ అనే అంకెల ముద్ర తయారవుతుంది, ఆ ముద్ర మాత్రమే కంపెనీలకు వెళుతుంది. అదే ఫొటోను ఎవరైనా ఎక్కించబోతే ముద్ర సరిపోలి ఆగిపోతుంది. ఈ పద్ధతిలో చేరిన వేదికల్లోనే ఇది పని చేస్తుంది, ఎన్‌క్రిప్ట్ అయిన ప్రైవేటు చాట్లలోకి చూడలేదు.

ఇంట్లో అమ్మాయి వచ్చి చెప్పిన రాత్రి చేయాల్సినవి ఎక్కువేమీ లేవు. ఖాతా లింకు, యూజర్ నేమ్, తేదీ, సమయం కనిపించేలా స్క్రీన్‌షాట్లు తీయాలి, ఆ తర్వాతే బ్లాక్ చేయాలి. చాట్ చెరిపేయకూడదు. డబ్బు అడిగితే ఇవ్వకూడదు, ఒకసారి ఇస్తే మళ్లీ అడుగుతాడు. జాతీయ సైబర్ నేరాల పోర్టల్‌లో మహిళలు, పిల్లలకు సంబంధించిన విభాగంలో పేరు చెప్పకుండా కూడా ఫిర్యాదు ఇవ్వవచ్చు. సైబర్ నేరాలకు 1930, పిల్లలకు 1098, మహిళలకు 181 నంబర్లున్నాయి. బాధితురాలికి 18 నిండకపోతే పోక్సో 24వ సెక్షన్ ప్రకారం ఆమె వాంగ్మూలం ఇంట్లోనో, ఆమె కోరిన చోటో తీసుకోవాలి. వీలైనంతవరకు ఎస్సై హోదాకు తగ్గని మహిళా అధికారి రావాలి, యూనిఫాంలో రాకూడదు. ఆమె వివరాలు పత్రికలకు, టీవీలకు పొక్కకుండా చూసే బాధ్యత పోలీసులదే. ‘ఇది మా పరిధి కాదు’ అని తిప్పి పంపే వీలూ లేదు. భారతీయ నాగరిక సురక్షా సంహిత 173వ సెక్షన్ ప్రకారం నేరం ఎక్కడ జరిగినా ఏ స్టేషన్‌లోనైనా ఎఫ్ఐఆర్ రాయాలి. ఫిర్యాదును ఎలక్ట్రానిక్ పద్ధతిలో పంపితే, మూడు రోజుల్లోపు సంతకం చేస్తే సరిపోతుంది.